సింహాసనం కింది పొయ్యి

ఒకానొక రాజ్యంలో అని మొదలుపెడదామంటే, ఈ కథలో సగంమందికి రాజ్యమే లేదు. అయినా పెద్దలు వేసిన బాట కదా, అలాగే పోదాం. ఆకాశంలో ఇద్దరు చందమామలు పొడిచే లోకంలో శిలాపురమని ఒక రాజ్యం. దాని రాజు ఉద్దండకేతు.

ఆయనకి రాయంటే ప్రాణం. కోట రాయి, సింహాసనం రాయి. తన వంశానికి మూలపురుషుడైన వజ్రపాదుడు ఇక్కడే బండను చీల్చుకుని, కత్తితో సహా పుట్టాడని గజమెత్తు రాతి మీద చెక్కించాడు కూడా. రాజుగారి మనసూ అదే సరుకని జనం చాటుగా అనుకునేవారు.

ఆ రాజ్యపు గడ్డిమైదానాల్లో తోవరులనే సంచారులు తిరిగేవారు. ఏనుగంతేసి తాబేళ్ళ వీపుల మీద గుడారాలు కట్టుకుని, గొర్రెల్ని తోలుకుంటూ, గడ్డి ఎటు పచ్చబడితే అటు పోయేవారు. 'మీరు' అన్న మాట వాళ్ళ నోట లేదు. దేవుడైనా దొరైనా వాళ్ళకి 'నువ్వే'.

మంత్రి దృఢవర్మకి వీళ్ళంటే గిట్టదు. తిరిగేవాళ్ళని తిరగనిస్తే ఉన్నవాళ్ళు కూడా బయల్దేరతారని రాజు చెవిలో ఊదాడు. ఇంకేం, చాటింపు పడింది. పెద్ద చందమామ ఒకసారి నిండి మళ్ళీ నిండేదాకా ఏ కప్పు కిందా పడుకోనివాడు దిమ్మరి. దిమ్మరికి కోటలో అడుగుపెట్టే వీలు లేదు, నేల మీద హక్కు లేదు. తోవరులు తాబేళ్ళను వదిలేసి కోట వెనక గుడిసెల్లో పడి ఉండాలి, లేదా పొలిమేర దాటి పోవాలి. గుడారానికి వేసింది గుడ్డే కాబట్టి అది కప్పు కిందికి రాదట.

తోవరుల పెద్ద రేగమ్మ. పేరుకి తగ్గట్టే ఆమెలో ముల్లూ ఉంది, తీపీ ఉంది. చాటింపు విన్నరోజే చెప్పుల్లేని కాళ్ళతో సభలోకి వచ్చి నిలబడింది. తల వంచలేదు. తరతరాలుగా తమ తాతముత్తాతలు నడిచిన నేల ఇదని, గుడిసెల్లో కూర్చోబెడితే తోవరులు తోవరులుగా మిగలరని, తాము కూర్చోబోమని తెగేసి చెప్పింది.

రాజు మీసం దువ్వాడు. "నా చరిత్ర రాతి మీద ఉంది. నీ చరిత్ర ఎక్కడుంది?"

"నా కాళ్ళ కింద ఉంది దొరా."

సభంతా ఘొల్లుమంది. రేగమ్మ తొణకలేదు. తమ చరిత్ర ఒక పెద్ద పాటని, మజిలీకొక చరణమని, ఏ మజిలీ చరణం ఆ మజిలీ మట్టి మీద నిలబడితేనే పాడాలని పెద్దల కట్టడి ఉందని చెప్పింది. వినేవాడు కూడా వట్టి కాళ్ళతో నడిచి రావాలట. ఆడలేక మద్దెల ఓడన్నట్టుందని మంత్రి వెక్కిరించాడు. ఆమె మంత్రి వైపు చూడనైనా చూడలేదు.

"నీ వజ్రపాదుడు కూడా ఉన్నాడు మా పాటలో," అంది రాజుతో. "ఈ నేల మీద మొట్టమొదట ఏం తాగాడో కూడా ఉంది. నీ రాయి ఆ సంగతి చెప్పిందా?"

రాయి చెప్పలేదు. వంశం గొప్పలంటే చెవి కోసుకునే మనిషాయె, రాజు ఆగలేకపోయాడు. పాట నిజమైతే చాటింపు రద్దు, అబద్ధమైతే తాబేళ్ళన్నీ తన వంటశాలకి అని పందెం కట్టాడు. నడక ముగిసి తిరిగొచ్చాక రేగమ్మనీ, ఆమె వెంట వచ్చినవాళ్ళనీ కోటలోకి రానివ్వాలని కాపలావాళ్ళకి ఆజ్ఞ ఇచ్చి, పెద్ద చందమామ నిండిన ఆ రోజే చెప్పులు విప్పి బయల్దేరాడు.

మొదటి మజిలీ ఒక ఎండువాగు. అక్కడ రేగమ్మ గొంతెత్తింది. దప్పికతో పడిపోయిన వజ్రపాదుడికి తోవరుల ఆడపడుచు గొర్రెపాలు పట్టిందట. పాట అయ్యాక ఇసుక తవ్వితే మసిపట్టిన పొయ్యిరాళ్ళు బయటపడ్డాయి. వెళ్ళేటప్పుడు వాటిని అక్కడే పాతిపెట్టడం, మళ్ళీ వచ్చినప్పుడు తీసి వండుకోవడం వాళ్ళ ఆచారం. తర్వాత ఏమైందని రాజు అడిగాడు. తర్వాతి చరణం తర్వాతి మజిలీలో ఉందంది రేగమ్మ.

అక్కడ వజ్రపాదుడు తాబేలుని చూసి జడుసుకుని తుమ్మచెట్టెక్కి కూర్చున్నాడు. రాజు ముఖం కందగడ్డయింది. అయినా చెట్టు ఎలా దిగాడో తెలియకుండా వెనక్కి పోవడమెలా? ఇంకో మజిలీ, ఆ పైన ఇంకోటి. వెంట వచ్చిన భటులు కాళ్ళు బొబ్బలెక్కి ఒక్కొక్కరే జారుకున్నారు. రాజుగారి పట్టుబట్టలు ముళ్ళకి చిరిగిపోతే తోవరులు కంబళి ఇచ్చారు. గడ్డం మాసింది, ఒళ్ళు నల్లబడింది. నిజం చెప్పొద్దూ, ఆయన జన్మలో అంత హాయిగా ఎన్నడూ నిద్రపోలేదు.

పెద్ద చందమామ మళ్ళీ నిండిన మర్నాడు చివరి చరణం కోసం అందరూ కోట దగ్గరికే చేరారు. కాపలావాడు రాజుకి ఈటె అడ్డం పెట్టాడు. ఈమధ్య ఏ కప్పు కింద పడుకున్నావని అడిగితే, ఏ కప్పూ లేదని రాజు నోరుజారాడు. అయితే దిమ్మరివి, రాజుగారి ఆజ్ఞ, అవతలికి పొమ్మన్నాడు వాడు. ఆ రాజుని నేనేరా అంటే, నిన్న వచ్చిన పిచ్చివాడూ అదే అన్నాడన్నాడు.

రేగమ్మ కాసేపు ఆ వేడుక చూసి, "వదిలెయ్ నాయనా, ఇతను మా చుట్టం," అంది. అలా రాజు తన కోటలోకి తానే రేగమ్మ చుట్టంగా అడుగుపెట్టాడు.

ఆమె నేరుగా పోయి సింహాసనం పక్కన నిలబడి పాట అందుకుంది. గాలివానలో తడిసి, తలదాచుకునే చోటు లేక వజ్రపాదుడు వచ్చాడు. ఈ ఒక్క రాత్రికి చోటివ్వండి, తెల్లారగానే లేచిపోతానన్నాడు. తోవరులు పొయ్యి పక్కన పడుకోబెట్టి, పొద్దున్నే పొయ్యిరాళ్ళు పాతిపెట్టి గొర్రెల్ని మేతకి తోలుకుపోయారు. తిరిగి వచ్చేసరికి ఆ చోటు చుట్టూ గోడ లేచింది.

అబద్ధమని మంత్రి అరిచాడు. సింహాసనం జరిపి తవ్వమంది రేగమ్మ. కంబళిలో ఉన్నది రాజేనని సభవాళ్ళు పోల్చుకున్నారు; ఆయన సైగ చేశాడు. పలక లేపి తవ్వితే, మసిపట్టిన పొయ్యిరాళ్ళు.

మంత్రి ఇంకా ఊరుకోలేదు. "అదే నిజమైతే ఇన్ని తరాలు ఎందుకు అడగలేదు?"

"చుట్టాన్ని లేచి పొమ్మనడం మా ఇంటా వంటా లేదు. పొమ్మన్నది నువ్వే."

రాజు ఆ రాళ్ళ వైపు, కంబళి కట్టుకున్న తన వైపు చూసుకున్నాడు. ఉన్నట్టుండి పగలబడి నవ్వాడు. నవ్వీ నవ్వీ కళ్ళు తుడుచుకుని చాటింపు రద్దు చేశాడు. గడ్డిమైదానాలన్నీ తోవరులకి బహుమానంగా ఇస్తున్నానన్నాడు.

"మాది మాకే ఇచ్చి బహుమానమంటావేం దొరా?" అంది రేగమ్మ. "నువ్వు ఇవ్వనూ వద్దు, మేం పుచ్చుకోనూ వద్దు. అడ్డం రాకు, చాలు."

రాజు సింహాసనం మీద కూర్చోబోయి ఆగాడు. "మరి నన్ను లేచి పొమ్మంటావా?"

రేగమ్మ అప్పటికే గుమ్మం దాకా వెళ్ళింది. వెనక్కి తిరిగి అంది:

"ఉండు దొరా. ఇంకా తెల్లారలేదనుకుంటాంలే."