కూతలమ్మ నాలుగో కూత

కూతలమెట్టలో బస్సు దిగితే అమ్మవారి సన్నిధికి పది నిమిషాల నడక. దారి అడిగితే ఊళ్ళో ఒక్కొక్కరు ఒక్కో దారి చూపిస్తారు. ప్రతి దారిలోనూ చూపించినవారి బంధువుల కొబ్బరికాయల కొట్టు ఉంటుంది. కనుక భక్తులు పాత పట్టాల వెంట నడవడం మేలు. అవి ముగిసిన చోట, రేకుల పందిరి కింద, పసుపు పూసిన బాయిలరుతో, ఇత్తడి గుమ్మటంతో, నాలుగు చక్రాల మీద కూతలమ్మ దర్శనమిస్తుంది. అమ్మవారు ఆవిరి ఇంజను. పూజారిగారు ఏటా రెండుసార్లు గ్రీజు పెడతారు. తగిన మంత్రం కోసం ఇంకా వెతుకుతున్నారు.

చేతిలో నీళ్ళు లేకుండా ఎవరూ అమ్మవారిని సమీపించరాదు. ఆ నియమం ఇలా ఏర్పడింది.

పూర్వం ఈ చోటును ఎర్రమెట్ట అనేవారు. ఓడరేవు గోడకు రాయి కావలసివచ్చి ఇక్కడి కొండను క్వారీ చేశారు. రాయి లాగడానికి ఈ ఇంజను సముద్రం మీద వచ్చింది. ముప్పై ఏళ్ళు రోజుకు ఆరు విడతలు లాగింది. డ్రైవరు దాలినాయుడు. భార్య పుట్టింటికి వెళ్ళిన సంగతి అతడు మూడో రోజున గమనించాడని ఊళ్ళో అంటారు. ఐదో రోజని ఆమె అంటుంది.

క్వారీలో ఒక కట్టుబాటు ఉండేది. కొండకు మందు పేల్చే ముందు ఇంజను మూడు కూతలు కూసేది. జనమంతా గట్టు మీద ఏనుగుబండ అనే పెద్ద రాయి వెనక్కి చేరేవారు. అడ్డుగోడ చాటున ఇంజను మీదే నిలబడి దాలినాయుడు పేలుళ్ళు లెక్కపెట్టేవాడు. అన్నీ పేలాయని తేలాక నాలుగోది, ఒక పొడుగు కూత వేసేవాడు. అది పడేదాకా ఎవరూ దిగకూడదు. ఇంజనుకు నీళ్ళు మోసే అంకులమ్మ ఒక్కతే అడ్డుగోడ దాకా వెళ్ళవచ్చు. బాయిలరు ఎండితే మందుకన్నా ప్రమాదం.

ఒకనాడు పన్నెండు గుంతల్లో మందు దట్టించారు. దాలినాయుడు పదకొండు పేలుళ్ళు విన్నాడు. కూత గొలుసు మీద చెయ్యి ఉంది కాని లాగలేదు. అతడి తమ్ముడు గౌరునాయుడు గంజిముంతను కింద క్వారీలో మరచిపోయాడు.

"పొగ కూడా పోయింది, ఇంకేటుంది?" అని బండ దాటి దిగాడు. పన్నెండోది అప్పుడు పేలింది.

ఆ రోజు నాలుగో కూత పడలేదు. మరునాటి నుంచి ఎర్రమెట్టలో ఆ కట్టుబాటు తప్పినవారు లేరు.

కొన్నేళ్ళకు ఓడరేవు గోడ పూర్తయింది, క్వారీ మూతపడింది. ఆపైన నాలుగేళ్ళకు, ఇంజనును పాత ఇనుము కింద కొన్న వ్యాపారి ఒకరు లారీతో, ఇనుము కోసే గ్యాసు సిలిండర్లతో వచ్చారు. కోతకు పెట్టుకున్న కూలీలు ఈ ఊరివారే. వారి మేస్త్రీ జగ్గునాయుడు. పూర్వం గుంతల్లో మందు దట్టించినవాడు అతడే. దాలినాయుడు వ్యాపారి ఎదుట చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"కోసేముందు ఒక్కపాలి పొయ్యి ఎలిగించనీ బాబూ. మూడు కూతలు కూయించి దిగిపోతాను."

వ్యాపారి దయగల మనిషి. సరే అన్నారు. అంకులమ్మ ఉదయం నుంచి నీళ్ళు మోసింది. మధ్యాహ్నానికి ఆవిరి పుట్టింది. మూడు కూతలు పడ్డాయి.

ఊరు ఊరంతా ఏనుగుబండ వెనక్కి పరుగెత్తింది. కోత కూలీలు గొట్టాలు పారేసి పరుగెత్తారు. అందరికన్నా ముందు చేరినవారు సర్పంచి అప్పలనరసయ్యగారు. వారు కొండపని ఏనాడూ చేసినవారు కారు.

"క్వారీ మూసేసి నాలుగేళ్ళయింది! మందు ఎక్కడుందయ్యా?" అని వ్యాపారి కేకలు వేశారు.

"నాలుగో కూత పడనేదు బాబూ," అన్నాడు జగ్గునాయుడు. "గౌరు కూడా ఇలాగే అన్నాడు."

"ఆ నాలుగోది కూడా కూయించవయ్యా!" అని వ్యాపారి దాలినాయుడి మీదికి వెళ్ళారు.

"ఆవిరి అయిపోనాది బాబూ. నీలు కావాల."

"నీళ్ళు పోయవమ్మా!"

"నడుం పట్టేసింది నాయినా," అంది అంకులమ్మ. "రేపు సూద్దాం."

రేపు మూడు రోజులు సాగింది. చివరికి వ్యాపారి తానే కుండెత్తుకుని వెళ్ళి ఇంజనులో నీళ్ళు పోశారు. తొలి అభిషేకం అదే. ఒక్క కుండకు ఆవిరి పుట్టదు. కోసే మనిషి బండ దాటడు. నాలుగో రోజున ఖాళీ లారీ వెళ్ళిపోయింది. దాతల పలక మీద మొదటి పేరు ఆ వ్యాపారిది. ఆయన్ని ఎవరూ అడగలేదు.

తరువాత అంకులమ్మ ఇంజనుకు పసుపు పూసింది. అమ్మవారు తన కలలోకి వచ్చి కాపాడమన్నదని సర్పంచిగారు గోడ మీద రాయించారు. బండ వెనక ఆయన కాసేపు కునుకు తీసిన మాట నిజమే. పందిరి ప్రారంభానికి పెద్దలు వచ్చినప్పుడు ఆయన దాలినాయుడిని పిలిచి, "ఈ శుభవేళ ఆ నాలుగో కూత కూడా వేసెయ్యరా," అన్నారు.

"అది పడితే అందరూ వచ్చీండని అర్థం బాబూ," అన్నాడు దాలినాయుడు. "గౌరు రాడు కదా."

సర్పంచిగారు ఆ మాట మళ్ళీ ఎత్తలేదు. ఆయన విషయంలో ఇది అరుదు.

నేటికీ ఏటా, వ్యాపారి ఎదుట కూతలు పడిన రోజున, ఇంజనుకు పొయ్యి రాజేసి మూడు కూతలు కూయిస్తారు. భక్తులు ఏనుగుబండ వెనక్కి పరుగెత్తుతారు. మూడోది కాగానే ఆవిరి వదిలేస్తారు. ఆపైన ఒక్కొక్కరు చెంబుతో నీళ్ళు తెచ్చి అమ్మవారికి పోస్తారు. నీళ్ళు మోసేవారికే అనుమతి గనుక ఎంత పెద్దవారైనా ఉత్తచేతులతో వెళ్ళరు. ఇక్కడ నీళ్ళు పోసినవారి ఇంటినుంచి పనికి వెళ్ళిన మనిషి సాయంత్రానికి క్షేమంగా తిరిగి వస్తాడని నమ్మకం.

నాలుగో కూత ఇంకా పడలేదు. భక్తులు బండ దాటేటప్పుడు జాగ్రత్తగా దిగవలెను.