గట్టు మీద గానుగ

అనగా అనగా, మన తాతలకు వాళ్ళ తాతలు చెప్పుకున్న కాలంలో, ఒక ఏటి ఒడ్డున చెరకు పండించే ఊరు ఉండేది. అప్పటికి మిల్లులు లేవు. ఎద్దులు తిప్పే గానుగలే. చలికాలం వచ్చిందంటే ఆ గానుగల కిర్రు కిర్రు చప్పుడుకే ఊరు నిద్రలేచేది. ఎంత చల్లని రోజులో అవి.

చెరకు ఊరంతా పండించేవారు. గానుగలు మాత్రం ఇద్దరికే ఉండేవి. ఒకరు సన్యాసినాయుడు, మరొకరు అప్పన్న. గానుగను బండి మీద తెచ్చి, పొలంలో పాతి, ఎద్దులతో సహా అద్దెకిచ్చేవారు.

"పాతడానికి పన్నెండు రూకలు. ఆపైన ఆడిన జాముకు ఒక రూక" అనేవాడు నాయుడు.

"పాతడానికి మూడే రూకలు. ఆపైన జాముకు రెండు" అనేవాడు అప్పన్న.

పగటికి నాలుగు జాములు. ఇద్దరూ మాట తప్పని మనుషులే.

ఆ ఊళ్ళో గంగులు అనే రైతు ఉండేవాడు. కష్టజీవి. చేతికి బద్ధకం తెలియదు గానీ మనసుకు తొందరెక్కువ. మొదటి ఏడు అతని పెద్ద పొలం విరగపండింది. "పన్నెండెక్కడ, మూడెక్కడ" అనుకుని అప్పన్న గానుగే తెచ్చాడు. చెరకు ఇరవై జాములు ఆడింది. నలభై మూడు రూకలు చెల్లించాక తెలిసింది, నాయుడి దగ్గరైతే ముప్ఫై రెండే అయ్యేదని.

"అప్పన్న నన్ను ముంచాడు. మళ్ళీ అతని గడప తొక్కను" అన్నాడు గంగులు.

రెండో ఏడు ఏరు పొంగింది. పొలంలో మిగిలింది నాలుగు జాముల చెరకే. అయినా పంతం కొద్దీ నాయుడి గానుగ తెచ్చాడు. పదహారు రూకలయ్యాయి. అప్పన్నకైతే పదకొండుతో సరిపోయేది. వరద నష్టం పూడ్చుకోవడానికి సగం పొలం అమ్ముకున్నాడు. తను దున్నిన చాళ్ళలో మరొకరి ఎద్దులు నడుస్తుంటే చూడలేక తల తిప్పుకున్నాడు.

మూడో ఏడు వచ్చింది. ఈసారి కూడా దెబ్బ తింటే మిగతా సగమూ పోయి, కూలికి వెళ్ళాల్సిందే. చెరకు నరకాలి. నరికాక గానుగ ఆలస్యమైతే రసం పులుస్తుంది. ఎవరి దగ్గరికి వెళ్ళాలన్నా గంగులుకు ధైర్యం చాలలేదు.

చివరికి పొరుగు పొలం పైడమ్మ ఇంటికి వెళ్ళాడు. ఆమె, మామగారు కలిసి చిన్న మడి సాగు చేసుకునేవారు.

"ఇద్దరూ దొంగలే చెల్లెమ్మా. ఎవరి దగ్గరికి పోయినా మునిగేది నేనే" అన్నాడు.

పైడమ్మ అతనికి పీట వేసింది. "వాళ్ళు ధర దాచారా అన్నా?"

"దాచలేదు."

"చెప్పినదానికన్నా ఎక్కువ పుచ్చుకున్నారా?"

"అదీ లేదు."

"మరి గానుగ తెచ్చే ముందు, నీ చెరకు ఎన్ని జాములు ఆడుతుందో లెక్క చూసుకున్నావా?"

ఆ మాట గంగులుకు ఎన్నడూ తోచలేదు.

ఆమె చింతపిక్కలు తెచ్చి నేల మీద పేర్చింది. "తొమ్మిది జాములకు ఇద్దరిదీ ఒకటే అన్నా, ఇరవై ఒక్క రూకలు. అంతకు తగ్గితే అప్పన్న నయం, మించితే నాయుడు నయం. మాది ఐదు జాముల చెరకు. నీది?"

"ఏడు ఉంటుంది."

పైడమ్మ ఐదు పిక్కలు ఒక కుప్పగా, ఏడు మరో కుప్పగా పెట్టింది. "అయితే ఇద్దరమూ అప్పన్న దగ్గరికే పోవాలి. నాకు పదమూడు, నీకు పదిహేడు."

గంగులు లేవబోయాడు. పైడమ్మ మాత్రం పిక్కల వైపే చూస్తోంది. "అన్నా, మన రెండు పొలాలకూ మధ్యన ఉన్నది ఒక్క గట్టే కదా. దాని మీద ఒకే గానుగ పాతితే?"

గంగులు మళ్ళీ కూర్చున్నాడు. రెండు కుప్పలూ తన చేత్తో తనే కలిపి, నెమ్మదిగా లెక్కపెట్టాడు. "పన్నెండు జాములు. నాయుడి గానుగకు ఇరవై నాలుగు రూకలు. విడివిడిగా అయితే ముప్ఫై."

ఇద్దరూ నాయుడి దగ్గరికి వెళ్ళి ఉన్నమాట చెప్పారు. "రెండిళ్ళ చెరకు బాబూ, ఒకే చోట ఆడిస్తాం. మీకు సమ్మతమేనా?" అని అడిగాడు గంగులు. ఆ వెంటనే, "రెండేళ్ళుగా మిమ్మల్నీ అప్పన్ననూ ఆడిపోసుకున్నాను" అన్నాడు.

నాయుడు నవ్వాడు. "ఒకసారి పాతిన గానుగకు రెండుసార్లు పుచ్చుకుంటానా గంగులూ. బండి కట్టిస్తాను, పద."

మూడు పగళ్ళు గట్టు మీద గానుగ తిరిగింది. బెల్లం వండే పెనంలో పాకం బుడగలు వేస్తుంటే పైడమ్మ, గంగులు భార్య కలిసి కలియబెట్టారు. ముసలి మామగారు నురుగు చూసి "ఇంకొంచెం, ఇంకొంచెం" అనేవారు. పిల్లలు చెరకు ముక్కలు వేడి పాకంలో ముంచుకుని, నోరు కాల్చుకుంటూ నవ్వుకుంటూ తిన్నారు. ఆ తీపి వాసన ఊరి చివరి దాకా పాకింది.

గంగులు తన వాటా పద్నాలుగు ఇచ్చాడు, పైడమ్మ పది ఇచ్చింది. గంగులు పొలం గంగులుకు దక్కింది. తర్వాత చాలా ఏళ్ళు ఆ రెండిళ్ళ బెల్లమూ ఒకే పెనంలో ఉడికింది. ఎవరైనా వచ్చి "ఎవరి గానుగ చవక మామా?" అని అడిగితే, నెరిసిన మీసం దువ్వుకుంటూ గంగులు అనేవాడు, "ముందు నీ చెరకెంతో చెప్పు నాయనా."

ధర ఎంతని అడిగే ముందు తన అవసరమెంతో కొలుచుకున్నవాడు మోసపోడు, పొరుగువారితో కలిసి కొలుచుకున్నవాడు ఇంకా బాగుపడతాడు.