గురువుగారి అక్రోట్లు

హైమవతికి నలభై నాలుగేళ్లు. వంట చేస్తూ రుచి చూసే అలవాటు లేదు. దేవుడికి పెట్టకముందు, ఆ తరవాత మగవాళ్లు తినకముందు నోట్లో వేసుకుంటే ఎంగిలవుతుందని అత్తగారు నేర్పారు. కూరలో ఉప్పు ఎక్కువైన సంగతి ఆమెకు భర్త ముఖం చూశాకే తెలిసేది. అన్నం ఆఖర్న దక్కినా తిట్లు మాత్రం ముందు ఆమెకే వడ్డించేవారు.

వీణ కూడా అలాగే వాయించేది. పెళ్లప్పుడు మూలన పెట్టిన వీణను పిల్లలు పెద్దవాళ్లయ్యాక దులిపి, విజయనగరంలో మాణిక్యాంబగారి దగ్గర మళ్లీ మొదలుపెట్టింది. కీర్తన ముగియగానే తలెత్తి గురువు ముఖంలోకి చూసేది. "బాగుందాండీ?" మాణిక్యాంబగారు ప్రశ్నకు జవాబు చెప్పే మనిషి కాదు, పని చెప్పే మనిషి.

ఆ ఏడు సంగీత సభవాళ్లు హైమవతిని కచేరీ చేయమన్నారు. ఆమె అవుననలేదు, కాదనలేదు. ఆ మాట తేల్చుకుందామని సభ కార్యదర్శి శేషగిరిగారు, భార్యతో సహా, గురువుగారింటికి భోజనానికి వస్తున్నారు. ముందురోజు హైమవతి అడిగింది. "నేను కచేరీకి తయారయ్యానో లేదో నాకెలా తెలుస్తుందండీ?"

"కూనూరు నుంచి పాత శిష్యులు బేరిపండ్లు, చీజు పంపారే," అన్నారు మాణిక్యాంబగారు. "చెక్కు తీసి పలచటి పాకంలో మెత్తబడేదాకా ఉడికించు. పక్కన చీజు ముక్క, పైన అక్రోట్లు. అక్రోట్లు అలమరలో డబ్బాలో ఉన్నాయి. రేపు భోజనాలయ్యాక అదే పెడదాం."

మర్నాడు మధ్యాహ్నం హైమవతి పాకంలో దాల్చినచెక్క వేసి నిమ్మకాయ పిండింది. పండ్లు అద్దంలా తేలాయి. ఎన్నడూ వండని వంటకం. వాసన పట్టి పోల్చుకుందామంటే ముక్కుకు తెలిసినది కాదు. చెంచాతో ముక్క తీసుకుని, హాల్లో వీణకు తీగ మారుస్తున్న గురువు దగ్గరికి వెళ్లింది.

"కాస్త చూస్తారా?"

"నాకు షుగరు."

"మరి ఎలా అండీ?"

"వచ్చినవాళ్లకి పెట్టు. బాగోకపోతే వాళ్ల ముఖాలు చెప్తాయి. నీకలవాటేగా."

హైమవతి వంటింట్లోకి వచ్చి, ఎవరూ లేరని తెలిసీ గుమ్మంవైపు ఒకసారి చూసింది. ముక్క నోట్లో వేసుకుంది. పులుపు కాస్త ముందుగా తగిలింది. చీజు కొరికితే ఆ ఉప్పదనంతో పులుపు సర్దుకుంది. ఇంకా తీపి చేస్తే పండు రుచి చస్తుందనిపించింది. పంచదార డబ్బా మూత పెట్టేసింది.

తరవాత ఒక అక్రోటు కొరికి వెంటనే ఉమ్మేసింది. చేదు, నిలవ నూనె వాసన. ఇంకోటి కొరికింది. అదీ అంతే. డబ్బా పట్టుకుని హాల్లోకి నడిచింది. గురువుగారి ఇల్లు, గురువుగారి డబ్బా, గురువుగారు వేయమన్న పప్పు. ఆ ఇంట్లో దేన్నీ బాగాలేదని ఆమె ఇంతవరకూ అనలేదు.

"అక్రోట్లు మక్కిపోయాయండీ."

"నేనే కొన్నాను. మంచి రకం."

"మంచి రకమే అయ్యుంటుంది. ఇప్పుడు మక్కిపోయాయి. వేయను. జీడిపప్పు వేయిస్తాను."

మాణిక్యాంబగారు తీగ బిగిస్తూ తలెత్తలేదు. "వంట నీది," అన్నారు.

సాయంత్రం శేషగిరిగారు రెండు చెంచాలు తిని, "బాగుందమ్మా, తీపి ఒక పిసరు తగ్గిందేమో," అన్నారు. ఇంకో రోజైతే హైమవతి పంచదారకు పరిగెత్తేది.

"నేను చూశానండీ. అంతే చాలనిపించింది."

"ఈయనకి పాయసంలో కూడా తీపి చాలదు," అంది ఆయన భార్య, పళ్లెం చాపుతూ. "నాకింకో పండు వెయ్యమ్మా."

ఆయన నవ్వేశారు. "సరే, కచేరీ మాటేమిటి?"

"వాయిస్తాను," అంది హైమవతి. గురువు ముఖం చూడకుండానే అంది.

వాళ్లు వెళ్లాక గిన్నెలు తోముతూ అడిగింది. "అవి మక్కిపోయాయని మీకు ముందే తెలుసా?"

"తిన్నది నువ్వు," అన్నారు మాణిక్యాంబగారు. "నన్నడుగుతావేం?"

మరుసటి నెల కచేరీలో హైమవతి గురువుగారి కుర్చీని ఆఖరి వరసలో, వేదిక మీంచి ముఖం కనబడకుండా స్తంభం వెనక వేయించింది.