ఒక్క ఆముదం గింజ

నా గొప్ప నేను చెప్పుకోను. ఎవరైనా చెబుతుంటే అడ్డుపడను. అంత వినయం నాది.

మా ఊళ్లో ఏటా గుప్పిట మూసి కుండలో గింజ వేసేవాళ్లం. ఉన్న ఊరిపెద్దే మళ్లీ కావాలంటే చింతగింజ, వద్దంటే ఆముదం గింజ. మా వీధి బావి కూలినా ఊరిపెద్ద భూషయ్య పట్టించుకోలేదు. కుమ్మరి సాయమ్మ కోడలు నిండు నెలలతో వాగునుంచి నీళ్లు మోస్తోంది. అయినా భయపడి నేను చింతగింజే వేశాను. కుండ బోర్లిస్తే అన్నీ అవే, ఒక్క ఆముదం గింజ తప్ప.

భూషయ్య మా వీధికొచ్చి అరిచాడు. "ఎవరిదిరా ఆ గింజ?"

"ఎవరిదో తెలీదు కదా దొరా," అంది సాయమ్మ. "ఆ ఒక్కరినీ మంచి చేసుకోవాలంటే అందరినీ మంచి చేసుకోవాల్సిందే. లేకుంటే పైయేటికి ఎన్నవుతాయో!"

నెల తిరక్కుండా బావి బాగైంది. మొదటి చేద తోడి సాయమ్మ తన కోడలి కాళ్లు కడిగింది.

"అత్తా, ఆ గింజ నీదేనా?" అన్నాను. నవ్వి రెండో చేద బావిలోకి వదిలింది.

అప్పట్నుంచి ఏటా నాకు తోచిన గింజే వేస్తున్నాను. వేసేముందు భూషయ్య చూపు పక్కకు తిరిగేదాకా ఆగడం మాత్రం ఇంకా మానలేదు.