జోడుమఠంలో లోటు

తనకు విరుద్ధమైనది పక్కన లేనిదే ఏదీ నిలవదన్నది జోడుమఠం సిద్ధాంతం. అందుకే అక్కడ వెలిగే దీపం పక్కన ఆరిన దీపం, నిండు కుండ పక్కన ఖాళీ కుండ ఉండి తీరాలి. ఆ కుండలు చేసిచ్చే సింగమ్మ ఒకనాడు కూతురు ముత్యాలును చదువుకని వెంటబెట్టుకెళ్లింది.

“జ్ఞానులుండే చోట ఈ మొద్దుకేం పని?” అని కసిరాడు మఠాధిపతి.

సింగమ్మకు కడుపు మండింది. అయినా చేతులు జోడించింది. “లోపలంతా జ్ఞానులేనా సామీ? మరి వాళ్లకు జోడేదీ?”

సొంత సిద్ధాంతాన్ని కాదనలేక మఠాధిపతి గుమ్మంలోంచి పక్కకు జరిగాడు. “సరే, రానీ. దీనికీ చదువొచ్చాక మళ్లీ జోడు పోతుందిగా?”

సింగమ్మ కళ్లు చెమర్చాయి. మనసారా దణ్ణం పెట్టింది. “మీ మేలు మరువను సామీ! ఆ రోజున మా పేట నుంచి ఇంకో పిల్లని పంపుతా. మా దగ్గర చదువురాని వాళ్లకేం కొదవ!”