బొరుగులు మెత్తబడేలోగా

అనగా అనగా... ఎంత వెనకటి మాట అని నన్నడగొద్దు, మా అవ్వకు వాళ్ళవ్వ చెప్పింది. రాజులు గుర్రాలెక్కి తిరిగే కాలం. ఒక ఊళ్ళో సుంకులమ్మ అని ఒకామె. మొగుడు పోయాడు. ఇద్దరు ఆడపిల్లలు. ఆమెకు వచ్చిన పని ఒక్కటే, కాలిన ఇసుకలో బియ్యం పోసి బొరుగులు వేయించడం. అబ్బా, ఏం బొరుగులు! ఈ ఇంట్లో నమిలితే పక్కింటికి వినపడేది కరకర!

ఇంటి పొయ్యిమీద గుప్పెడే వేగుతాయి. గుప్పెడుతో మూడు కడుపులు నిండుతాయా? బట్టీ పెట్టాలి. నిప్పుతో పని కదా, పురపెద్ద కోనప్ప అనుమతి లేకుండా రాజేస్తే నీళ్ళు పోసి ఆర్పేస్తారు.

చలికాలంలో పోయి అడిగింది. "సామీ, కాలవగట్టున బట్టీ పెట్టుకుంటా."

"చూస్తాం తల్లీ. వెళ్ళి రా."

ఎండాకాలంలో పోయింది. "సామీ, నా బట్టీ?"

"చూస్తున్నాం తల్లీ. వెళ్ళి రా."

వానాకాలంలో పోయింది.

"చూస్తూనే ఉన్నాం కదా తల్లీ. వెళ్ళి రా."

అన్నాళ్ళు చూడ్డానికి అదేమన్నా పెళ్ళిచూపులా? ఇక్కడ పిల్లలు గంజినీళ్ళు తాగి తాగి పుల్లల్లా అయిపోయారు. సుంకులమ్మకు ఒళ్ళు మండింది. ఇంట్లో వేయించిన బొరుగులు కొంగున కట్టుకుని నేరుగా ఆ ఊళ్ళోనే ఉన్న రాజుగారి న్యాయసభకు పోయింది.

న్యాయాధికారి ఆమె గోడు విని చెయ్యి అడ్డం పెట్టాడు. "అమ్మా, అనుమతి ఇచ్చేది పురపెద్ద. ఆయన పని నేను చెయ్యను."

"మీరు ఇవ్వొద్దు సామీ! ఇస్తాడో ఇవ్వడో ఆయన చేత చెప్పించండి. ఇవ్వనంటే పిల్లల్ని తీసుకుని ఇంకో ఊరు పోతా. ఏదీ చెప్పకపోతే నేను ఉండాల్నా, పోవాల్నా?"

కోనప్పను పిలిపించారు. "నేను కాదనలేదే సామీ! మర్యాదగా వెళ్ళి రమ్మన్నా."

"అవును సామీ. వెళ్ళినా. వచ్చినా. మళ్ళీ వెళ్ళినా. మళ్ళీ వచ్చినా. కాళ్ళరిగిపోయినాయి!"

సభంతా గొల్లున నవ్వింది.

న్యాయాధికారి నవ్వలేదు. "కోనప్పా, సరే అంటావో, కాదంటావో నీ ఇష్టం. కాదంటే ఎందుకో చెప్పాలి. ఏదీ చెప్పకుండా కూర్చోవడం మాత్రం నీ ఇష్టం కాదు. ఎప్పుడు చెప్తావు?"

"చూసి..." అని కోనప్ప నాలిక కరుచుకున్నాడు.

సుంకులమ్మ చటుక్కున కొంగు విప్పి పళ్ళెంలో బొరుగులు పోసింది. "ఇవి మెత్తబడేలోగా చెప్పమనండి సామీ!"

బయట అప్పుడే జోరువాన అందుకుంది! వానగాలికి బొరుగులు ఎంతసేపు ఆగుతాయి?

"అదే గడువు. దాటితే నీ పెద్దరికం పోతుంది" అన్నాడు న్యాయాధికారి.

కోనప్ప పంచె ఎగ్గట్టి కాలవగట్టుకు పరుగో పరుగు! ఇక్కడ న్యాయాధికారి ఒక బొరుగు నోట్లో వేసుకున్నాడు. కరకర! కాసేపాగి ఇంకోటి. కర్... సభంతా ఆ చప్పుడుకే చెవులు రిక్కించింది. సుంకులమ్మ వాకిలివైపే చూస్తోంది. మూడోది నోటిదాకా పోయింది. అప్పుడు దబదబా వచ్చిపడ్డాడు కోనప్ప, మోకాళ్ళదాకా బురద!

"ఇస్తున్నా! ఇస్తున్నా! చూసొచ్చినా! దగ్గర్లో గడ్డివాము లేదు, కొట్టం లేదు. పక్కన ఒక నీళ్ళతొట్టి కట్టుకుంటే చాలు!"

న్యాయాధికారి కొరికాడు. టప్! ఇంకా మెత్తబడలేదు. సభ ఈలలు వేసింది.

సుంకులమ్మ నవ్వింది, ఏడ్చింది. "ఈ తొట్టి మాట మొదటిరోజే చెప్పుంటే, నా బిడ్డలకు ఇన్నాళ్ళు గంజినీళ్ళెందుకు సామీ?"

కోనప్ప వంగి మోకాళ్ళ బురద తుడుచుకున్నాడు.

బట్టీ వెలిగింది. పిల్లలు బొద్దుగా అయ్యారు. సుంకులమ్మ పండుముసలై కన్నుమూసినప్పుడు ఊరు ఊరంతా పాడె వెంట నడిచి, ఆమె బట్టీలో వేగిన బొరుగులే దారంతా చల్లింది.

ఇప్పటికీ ఆ ఊళ్ళో కొత్తగా అంగడి పెట్టేవాళ్ళు ఆఫీసుకు పోయి, అర్జీ పక్కనే గుప్పెడు బొరుగులు పోసి, "సుంకులమ్మ బొరుగులు సార్" అంటారు. అంతే, ఇంకో మాట అనరు. ఎంత పెద్ద ఆఫీసరైనా సరే, ముందు లేచి గబగబా కిటికీలు మూస్తాడు. ఆ తర్వాత కాగితం చేతికి తీసుకుంటాడు.