పిడికిలి విప్పని తల్లి

మంత్రసాని కోస్కాకు అప్పటికి యాభై ఎనిమిదేళ్ళు. కాన్పుకు పిలుపు వస్తే, ఎంత తొందరలో ఉన్నా, గడప దాటే ముందు గోళ్ళు కత్తిరించుకునేది.

ఈ స్థలానికి వచ్చేవారు ముందుగా ఆమెను తలుచుకోవాలని ఇక్కడి ఆడవాళ్ళు చెబుతారు. మెక్సికో నగరానికి దక్షిణాన, ఎండిపోయిన సరస్సు గట్టు మీద, నాలుగు దారులు కలిసే చోట ఈ గుడి ఉంది. గుడి అనడం గౌరవం కోసమే. నడుమెత్తు అరుగు, దాని మీద మోకరించిన నల్లరాతి స్త్రీ, పైన రేకు. అంతే. అరుగును ఒరుసుకుంటూ లారీలు పోతుంటాయి. ప్రశాంతత వెతుక్కుంటూ వచ్చేవారికి ఈ చోటు పనికిరాదు. ఇక్కడ కళ్ళు మూసుకుని నిలబడితే డ్రైవర్లు తిడతారు.

అమ్మవార్ల విగ్రహాలకు సాధారణంగా అరచేయి విప్పి ఉంటుంది, అడిగినవాళ్ళకు అడిగినంత పెడతానన్నట్టు. ఈమె రెండు చేతులూ ముందుకు చాచి, రెండు పిడికిళ్ళూ బిగించి ఉంటుంది. వేలి కొస కూడా బయటికి కనబడదు. ఇదేం దేవత, ఏమీ ఇచ్చేలా లేదే అని కొత్తవారు ఆశ్చర్యపోతారు. ఆమె ఏం ఇస్తుందన్నది ఈ కథ కాదు. ఆమె దగ్గరనుంచి ఏం తీసుకోబోయారన్నది కథ.

పూర్వం ఇక్కడ అజ్టెక్కుల కాలంలో మగవాడి బతుకంతా యుద్ధమే. బిడ్డ భూమ్మీద పడగానే మంత్రసాని రణరంగంలో వేసే కేక వేసేది. తల్లి పోరాడి ఒక బందీని పట్టుకొచ్చిందని ఆ కేకకు అర్థం. పుట్టింది మగబిడ్డయితే, "నాయనా, ఇది నీ ఇల్లు కాదు, నీ ఇల్లు యుద్ధభూమి" అని చెవిలో చెప్పి, బొడ్డుపేగును ఎండబెట్టి సైనికుల చేతికిచ్చి రణభూమిలో పాతించేది. ఆడబిడ్డయితే పేగును పొయ్యి పక్కన పాతేది. ఆడపిల్లకు ఇల్లు దాటి వేరే చోటు చూపించాల్సిన పని లేదు కదా. కోస్కా ఈ మాటలు ఎన్ని చెవుల్లో చెప్పిందంటే, చివరికి అవి ఆమె చెవులకే వినబడడం మానేశాయి.

పురిట్లో చనిపోయిన స్త్రీని వీరమరణం పొందిన యోధురాలిగా కొలిచేవారు. తెల్లవారినప్పటినుంచి నడినెత్తికి వచ్చేదాకా సూర్యుణ్ణి చనిపోయిన వీరులు మోస్తారని, అక్కడినుంచి పడమటికి ఈ స్త్రీలు మోస్తారని నమ్మేవారు. సముద్రాలకు అవతల, వీళ్ళ పేరైనా వినని స్పార్టాలో కూడా, సమాధి మీద పేరు చెక్కించుకునే అర్హత యుద్ధంలో చచ్చిన మగవాడికీ పురిట్లో చచ్చిన ఆడదానికీ మాత్రమే ఉండేదని అంటారు. రెండు చోట్లా మర్యాద గొప్పదే. బతికి లేచి బిడ్డకు పాలిచ్చిన ఆడదానికి మాత్రం రెండు చోట్లా ఏ రాయీ లేదు.

ఈ మర్యాదకు ఒక తోక ఉంది. అలా చనిపోయిన స్త్రీ ఎడమచేతి నడిమివేలు, తలవెంట్రుకలు డాలు లోపల కట్టుకుంటే శత్రువుల కళ్ళు మూసుకుపోతాయని సైనికులు నమ్మేవారు. అందుకని శవం పొద్దుగూకే వేళ ఇల్లు కదలగానే కుర్రకారు కత్తులతో కాపు కాసేవారు. ముసలి మంత్రసానులు డాళ్ళు పట్టుకుని, కేకలు వేస్తూ, శవం చుట్టూ నడిచేవారు. ఇదంతా ఆచారమే. ఒకే ఊరివాళ్ళు ఒక పక్క ఆమెను దేవతను చేస్తూ, ఇంకో పక్క వేలు కోయడానికి ఎదురుచూసేవారు, అందులో వింతేమీ ఎవరికీ కనబడేది కాదు.

షిలో అనే నేతగత్తె ఉండేది. ఇంకా ఇరవై నిండలేదు, నోరు మాత్రం గట్టిది. కోస్కా గోళ్ళు కత్తిరించుకోవడం చూసి, ఎవరి పెళ్ళికి తయారవుతున్నావత్తా అని ఆటపట్టించేది. కాన్పు వేళకు షిలో కడుపులో బిడ్డ అడ్డం తిరిగింది. కోస్కాకు తెలిసిన ఉపాయాలన్నీ అయిపోయాయి. ఆ సంగతి చెప్పకుండానే షిలోకు అర్థమైంది.

"అత్తా, నేను పోతే దేవతనవుతాను కదా," అంది.

"అవుతావు తల్లీ."

"మరి దేవత చెయ్యి కోస్తారా?"

ఇన్నేళ్ళలో ఆ మాట కోస్కాను ఎవరూ అడగలేదు.

"ఈ వేళ్ళతో ఎంత నూలు తీశానో నీకు తెలుసు. నా చెయ్యి నాతోనే రావాలి. మాటివ్వు," అంది షిలో. కోస్కా మాటిచ్చింది. కాసేపటికి తల్లీ బిడ్డా ఇద్దరూ పోయారు.

పొద్దు వాలుతుండగా షిలో భర్త ఆమెను వీపున మోసుకుని బయలుదేరాడు. కోస్కా, తోటి మంత్రసానులు చుట్టూ నడిచారు. కొందరికి డాళ్ళు దొరకలేదు. మగ్గంలో నేత బిగించే చెక్కబద్దలు పట్టుకున్నారు. ఈ నాలుగు దారులు కలిసే చోటికి వచ్చేసరికి కుర్రవాళ్ళు నిలబడి ఉన్నారు. ఇలా పోయిన స్త్రీలను పాతేది ఇక్కడే కనుక తప్పుకుని పోవడానికి వీల్లేదు. గాలి దుమ్ము లేపుతోంది.

వాళ్ళ ముందున్నవాడి పేరు మసాత్. మెడ మీద పిలక ఇంకా ఉంది. యుద్ధంలో ఒక్క బందీనైనా పట్టుకున్నవాడికే ఆ పిలక తీస్తారు. వీడు రెండుసార్లు దండుతో వెళ్ళి ఖాళీ చేతులతో వచ్చాడు. సంతలో ఆడపిల్లలు, మా తమ్ముడికి ఆడుకోవడానికి తోడు లేదు, కాస్త మా ఇంటికి రా అని వాణ్ణి ఏడిపించేవారు.

వాడు నల్లగాజులా మెరిసే రాతికత్తి తీసి, మర్యాదగానే మాట్లాడాడు. "అవ్వా, పక్కకు జరుగు. ఒక్క వేలు. ఆమెకిక దానితో ఏం పని?"

"నీకేం పని?"

"రేపు దండు కదులుతోంది. అది డాలులో ఉంటే ఎదుటివాడికి కళ్ళు కనబడవు."

"కళ్ళున్నవాడితో కొట్లాడలేవురా?"

ముసలమ్మలు నవ్వారు. ఆ నవ్వుతో తోపులాట మొదలైంది. చెక్కబద్దలు విరిగాయి. ఎవరి డాలో దొర్లుకుంటూ గుంటలో పడింది. షిలో భర్త కాలు జారి మోకాళ్ళ మీద కూలబడ్డాడు. కప్పిన గుడ్డ తొలగి షిలో ఎడమచేయి దుమ్ములో వేలాడింది. మసాత్ ఆ మణికట్టు అందుకోబోయాడు.

అప్పుడు కోస్కా తన డాలు కింద పెట్టేసింది.

"కోసుకో," అంది. "ముందు ఒక మాట విను. మీ అందరి బొడ్డు కోసింది నేను. మీలో ఒకడి పేగు యుద్ధభూమికి పోలేదు. పొయ్యి పక్కన పాతాను."

కుర్రవాళ్ళ కాళ్ళు ఆగిపోయాయి. పొయ్యి పక్కన పేగున్నవాడి పక్కన ఏ సైనికుడూ నిలబడడు. వాడు ఎంత పోరాడినా మనసు ఇంటివైపే లాగుతుందని, దండుకు చెరుపని నమ్మకం.

"ఎవడిది?" అన్నాడు మసాత్.

"ఆమెను ముట్టుకున్నవాడికి చెబుతాను. రేపు పొద్దున, దండంతా వినేలా."

మసాత్ చేయి గాలిలోనే ఉండిపోయింది. వెనకవాళ్ళు వాడి పిలక వైపు చూడడం మొదలుపెట్టారు. వాడు తిరిగి వాళ్ళను చూశాడు. వాళ్ళు ఒకరినొకరు చూసుకున్నారు. నిన్నటిదాకా ఒకే పళ్ళెంలో తిన్నవాళ్ళు అడుగు అడుగు దూరం జరిగారు. వాళ్ళ మధ్య ఏర్పడిన ఆ సందులోనుంచే శవం కూడలి నడుమకు సాగింది.

షిలోను ఈ కూడలిలోనే పాతారు. పాతే ముందు కోస్కా ఆమె వేళ్ళను పిడికిలిగా ముడిచి, షిలో తీసిన నూలుతోనే కట్టింది. తరువాత చెక్కిన రాయికి ఆ పిడికిళ్ళే వచ్చాయి. మసాత్ దండుతో వెళ్ళాడు. తిరిగొచ్చాడో లేదో ఇక్కడ ఎవరూ చెప్పరు, ఎవరూ అడగరు.

నేటికీ చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు, మగబిడ్డదైనా ఆడబిడ్డదైనా, ఎండిన బొడ్డుపేగు తెచ్చి అరుగు వెనకాల ఒకే గుంటలో పాతుతారు. బిడ్డ చెవిలో ఏ మాటా చెప్పరు. దర్శనం అయ్యేదాకా ఎడమచేయి పిడికిలి విప్పకూడదు. ఇక్కడ మొక్కుకుంటే కాన్పు సుఖంగా జరుగుతుందంటారు. ఆసుపత్రిలో డాక్టరు ఉన్న రోజున ఆ మొక్కు మరింత బాగా ఫలిస్తుందని అరుగు పక్కన రొట్టెలమ్మే ఆవిడ కలుపుతుంది.

ఆ సాయంత్రం కోస్కా చెప్పింది అబద్ధం. అక్కడ నిలబడ్డ ప్రతివాడి పేగూ యుద్ధభూమిలోనే ఉంది. ఆ తరువాత మగబిడ్డ పుట్టిన మొదటి ఇంటికి ఆమె గోళ్ళు కత్తిరించుకుని వెళ్ళింది, బొడ్డు కోసింది, పేగును పొయ్యి పక్కన పాతింది.